ఏంటికి నరుకుతాండావప్పా?

ఆ రోజు ఎండ ముదరకముందే రక్షిత్‌ను చంపేసి, ప్రజ్వల్‌ను రెండో షిఫ్టుకు హోసూరు బస్సు ఎక్కించేయాలని నళిని పథకం వేసుకుంది. చంపాల్సిన చోటు అత్తిముగంలో వాళ్ల నాన్న గోవిందప్ప టమాటా తోట. చంపేవాడు ప్రజ్వల్. చచ్చేవాడైన రక్షిత్‌కు ముందురోజే ఫోన్ చేసి, పాత చొక్కా వేసుకుని రమ్మనీ, టిఫిన్ తినే రమ్మనీ, ఈసారి చావడానికి కొంచెం ఎక్కువసేపు పడుతుందనీ జాగ్రత్తలన్నీ చెప్పింది.

నళిని షార్ట్ ఫిల్ములు తీస్తుంది. మనిషి మెతక. బల్లి కనబడితే గదిలోంచి బయటికి పరుగెత్తే రకం. కెమెరా చేతికి వచ్చిందా, మనుషులు రాలిపోవాల్సిందే. మొదటి ఫిల్ములో బస్సు కోసం నిలబడ్డవాడు పక్కవాణ్ణి చంపాడు. తర్వాతి దాంట్లో టీ తాగుతున్నవాడు టీ పోసినవాణ్ణి చంపాడు. ఆ తర్వాతి దాంట్లో ఎవరు ఎవరిని చంపారో చీకట్లో తీసినామెకే సరిగా కనబడలేదు. ఎందుకు చంపారని ఎవరైనా అడిగితే నళినికి ఒళ్లు మండేది. కారణం ఉంటే అది వట్టి కథ, కారణం లేకపోతేనే కళ అని ఆమె నమ్మకం. ఈ మాట యూట్యూబులో ఎవరో చెప్పగా విన్నదే కానీ, కొన్నాళ్లకు తనదే అనుకుంది.

కిందటేడు కృష్ణగిరిలో జరిగిన పోటీకి ఆ టీ అంగడి ఫిల్మే పంపింది. న్యాయనిర్ణేతగా వచ్చిన బట్టతల పెద్దమనిషి ఫిల్ము అయిపోయాక కళ్లద్దాలు తుడుచుకుని, వాడు వాణ్ణి ఎందుకు చంపినట్టమ్మా అని తమిళంలో మర్యాదగా అడిగాడు. జీవితంలో అన్నిటికీ కారణాలుండవు సార్ అని నళిని ఠకీమని జవాబిచ్చింది. బహుమతి ఇవ్వకపోవడానికీ కారణం అక్కరలేదనుకున్నాడేమో, ఆయన పాల్గొన్నట్టు ఒక కాగితం చేతిలో పెట్టి పంపేశాడు. నళిని ఇంటికొచ్చి బాగా ఆలోచించి, నెత్తురు తక్కువైందని తేల్చుకుంది.

గోవిందప్ప కూడా ఆ ఫిల్ము చూశాడు. మండీలో టమాటా బాక్సుల మధ్య కూర్చుని, ఫోనును చేయి చాచినంత దూరంలో పట్టుకుని చూసి, సాయంత్రం ఇంటికి వచ్చి కూతుర్ని అదే ప్రశ్న అడిగాడు. కారణం లేదు నాయనా అంది నళిని.

"కారణం లేకుండా మనం టమాటా చెట్టుకి మందు గూడా కొట్టం గదమ్మా" అన్నాడు గోవిందప్ప.

ఆ పూటే రెండు షరతులు పెట్టాడు. ఈ ఏడు బహుమతి వస్తే సరి, లేకపోతే ఫిల్ముల ఊసెత్తకుండా హోసూరులో బ్యాంకు పరీక్షల కోచింగులో చేరాలి. రెండోది, తన తోటలో ఎవర్నీ చంపకూడదు. కిందటిసారి రక్షిత్ చస్తూ చస్తూ కాపు మీదున్న చెట్ల మధ్య దొర్లినందుకు ఆ సాలంతా పాడైపోయింది. నళిని రెండింటికీ తల ఊపింది. బ్యాంకంటే ఆమెకు బల్లికన్నా భయం.

ఇప్పుడు పోటీకి ఫిల్ము పంపడానికి అదే ఆఖరి రోజు. చివరి హత్య ఒక్కటే మిగిలింది. పండిన టమాటాలు, పొద్దుటి ఎండ, వాటి మీద చిందిన నెత్తురు అని నెలరోజులుగా కలలు కంటున్న పిల్లకు మరో చోటు ఏం నచ్చుతుంది? తండ్రి టెంపోలో లోడు వేసుకుని హోసూరు మార్కెట్టుకు బయలుదేరాడు, మధ్యాహ్నం దాకా రాడు. మాట తప్పుతున్నానని తెలిసినా, బహుమతి వస్తే ఆయనే మరచిపోతాడని తనకు తాను సర్దిచెప్పుకుంది.

తల్లి పుట్టమ్మ ఈ కుట్రలో భాగస్వామి. అంగట్లో కొన్న రంగు కెమెరాలో రోజ్ మిల్కులా కనిపించిందని నళిని ఏడిస్తే, ఆమే పసుపూ సున్నమూ కలిపి బకెట్టెడు ఎర్రనీళ్లు చేసి ఇచ్చింది. కొత్త పెళ్లికొడుక్కీ, కాన్పు అయి ఇంటికొచ్చిన తల్లికీ దిష్టి తీసే నీళ్లు అవి. పెండ్లికొడుక్కి తిప్పేవాటిని పీనుగు మీద పోస్తావా అని సణుగుతూనే, చిక్కగా రావాలంటే పిడికెడు బెల్లం కూడా వేసింది. రక్షిత్ తన చేతులతో చెక్కి, వెండి కాగితం అంటించి తెచ్చిన కొయ్య కత్తిని చూసి, ఇనుముకు పసుపు కుంకుమ పెట్టకుండా గడప దాటించనంది. కొయ్యదమ్మా అని కూతురు చెప్పినా వినలేదు. కత్తి ఏదైనా కత్తేనని దానికి రెండు వైపులా బొట్లు పెట్టి మరీ పంపింది.

తోటలో గట్టు పక్కన టమాటా బాక్సులు ఒకదాని మీద ఒకటి పేర్చి, పైన ఫోను నిలబెట్టి, కనబడకుండా గోనెసంచి కప్పి, నళిని వాటి వెనక నక్కి కూర్చుంది. ఆమె షూటింగులో ఒకటే చట్టం. "కట్" అని ఆమె నోటి వెంట వచ్చేదాకా ఎవరూ ఆగకూడదు. పాత ఫిల్ములో తేనెటీగ కుట్టిందని ప్రజ్వల్ మధ్యలో ఆగితే వారం రోజులు అతనితో మాట్లాడలేదు. పైగా చెప్పాపెట్టకుండా కొత్తవాళ్లను సీనులోకి పంపడం ఆమెకు అలవాటు. బస్సు ఫిల్ములో నిజం కండక్టరే దిగి వచ్చి తిడితే, అది కూడా ఫిల్మే అనుకుని కుర్రాళ్లిద్దరూ నటిస్తూనే ఉన్నారు. అప్పట్నుంచి ఎవరొచ్చినా, ఏం జరిగినా, అది నళిని ఏర్పాటే అని వాళ్లకు స్థిరపడిపోయింది.

గట్టుకు అవతల కొత్తిమీర మళ్లు. అవి గోవిందప్ప అన్న వరదప్పవి. అన్నదమ్ములిద్దరికీ ఏళ్లుగా మాటల్లేవు. ఎందుకు లేవో ఊళ్లో ఎవరూ అడగరు. ఊరికి కొండ ఏ దిక్కున ఉందో తెలిసినట్టే, వాళ్లకు మాటల్లేవని అందరికీ తెలుసు, అంతే. చిన్నప్పుడు తనను భుజాల మీద ఎక్కించుకుని జాతరకు తీసుకుపోయిన పెద్దనాయన ఇప్పుడు ఎదురుపడితే నళిని తల దించుకుని పోతుంది. అలా పోయిన ప్రతిసారీ ఆమెకు మనసు చివుక్కుమంటుంది. అయినా ఆ పొద్దున ఎండ వరదప్ప పొలం వైపు నుంచి పడుతోంది కాబట్టి, హంతకుణ్ణి అటు నుంచే పరుగెత్తుకు రమ్మంది.

ప్రజ్వల్ గట్టు దూకి వచ్చాడు. రక్షిత్ టమాటా సాళ్ల మధ్య పడుతూ లేస్తూ పరుగెత్తి, అనుకున్న చోటే వెల్లకిలా పడ్డాడు. కొయ్య కత్తి లేచింది, చొక్కా కింద కట్టిన ఎర్రనీళ్ల సంచి పగిలింది, ఎండలో ఎరుపు చిమ్మింది. నళినికి ఆనందంతో కళ్లు చెమ్మగిల్లాయి. సరిగ్గా అప్పుడే నెత్తిన గడ్డిమోపుతో లక్ష్మక్క సీనులోకి నడిచి వచ్చింది.

లక్ష్మక్క పొలం గోవిందప్ప తోటకు ఇవతలి పక్క. ఊళ్లో ఏ విషయమైనా మొదలు ఏమిటో, మూలం ఏమిటో తెలుసుకోకుండా ఆమె ఇంటికి పోయి అన్నం తినదు. నెత్తురు చూసి కేక వేయలేదు, పారిపోలేదు. గడ్డిమోపు దించి, నడుం మీద చేయి పెట్టుకుంది.

"ఏంటికి నరుకుతాండావప్పా?" అని అడిగింది.

నళిని మళ్లీ ఎవర్నో పంపిందని ప్రజ్వల్ అనుకున్నాడు. తన పాత్రకు కారణం ఉండదని ఆమె వంద సార్లు చెప్పి ఉంది. అందుకని గొంతు బరువుగా చేసి, "సుమ్మనే" అన్నాడు. సుమ్మనే అంటే ఆ సీమలో ఊరికే అని.

ఈ జవాబు లక్ష్మక్కకు హత్యకన్నా ఘోరంగా తోచింది. సుమ్మనే ఎవరైనా నరుకుతారా అని అతని చేయి పట్టుకుని, ఊరేది, ఎవరింటి బిడ్డ అని నిలదీసింది. ఊరు లేదు, పేరు లేదు అన్నాడు ప్రజ్వల్. ఆమె కత్తి వైపు చూసింది. దాని మీద పసుపు కుంకుమ ఉంది. అంటే పూజ చేసి, ముందే అనుకుని వచ్చారన్న మాట. వంగి రక్షిత్ చొక్కా ముట్టుకుని వేలు వాసన చూసింది. పసుపు వాసన వచ్చింది. అంటే ఈ బిడ్డను ఇంతకు ముందే ఒకసారి నరికారు, ఎవరో పుణ్యాత్ములు గాయానికి పసుపు అద్దారు, ఇప్పుడు మళ్లీ నరుకుతున్నారు. వెంటనే ఫోన్ తీసింది.

నళిని అప్పుడే కట్ చెప్పి ఉండవచ్చు. చెప్పలేదు. లక్ష్మక్క ముఖంలాంటి ముఖం, ఆ ఎండలో, ఏ నటి వల్లా కాదు. ఇంకొక్క నిమిషం, ఇంకొక్క నిమిషం అనుకుంటూ ఉండగానే ఆ ఫోన్ తన తండ్రికేనని తెలిసిపోయింది. గోవిందప్ప టెంపో ఇంకా ఊరి పొలిమేర దాటలేదు, డ్రైవరు టీ తాగుతున్నాడు. మీ అన్న చేనిలోంచి ఒకడు కత్తి పట్టుకొని వచ్చి నీ మనిషిని నీ తోటలో నరికినాడు అని లక్ష్మక్క చెప్పింది. తన మనిషి ఎవరని గోవిందప్ప అడగలేదు. అన్న పేరు వినబడింది, ఆయనకు అది చాలు. ఆమె మరొకరికి చెప్పగా, ఆ మాట తిరిగి తిరిగి, గోవిందప్ప వాళ్లు నీ మనిషిని పట్టుకున్నారని వరదప్ప చెవిలో పడింది. తన మనిషి ఎవరని ఆయనా అడగలేదు.

చూస్తూండగానే తోట నిండా జనం. గట్టుకు ఇవతల గోవిందప్ప, టెంపో డ్రైవరు, మండీ వాళ్లు. అవతల వరదప్ప, ఆయన బామ్మర్దులు. మధ్యలో లక్ష్మక్క. నళిని బాక్సుల వెనక ఇంకా కుంచించుకుపోయింది. ఇప్పుడు కట్ అంటే తండ్రికి దొరికిపోతుంది. అనకపోతే వీళ్లిద్దరూ ఆగరు. అనుకోకుండా పెద్ద సీను పడిందని ప్రజ్వల్ కత్తి ఇంకా పైకెత్తి పట్టుకుని కనుబొమలు ముడిచాడు.

అన్నదమ్ములు చేతికందేంత దూరంలో నిలబడి కూడా నేరుగా మాట్లాడుకోలేదు. ఆయనకి చెప్పు లక్ష్మక్కా అని ఈయన, ఈయనకి చెప్పు లక్ష్మక్కా అని ఆయన. జనం తలా ఒక కారణం తెచ్చారు. బోరు నీళ్ల గొడవ అని ఒకరు, డ్రిప్ పైపులు పోయాయని ఒకరు, కాదు గట్టు జరిపారని ఇంకొకరు. ప్రతి ఒక్కరూ ప్రజ్వల్‌ను అడిగారు, ప్రతి ఒక్కరికీ అతను సుమ్మనే అనే చెప్పాడు. బాగా నేర్పించి పంపినారని గోవిందప్ప మనుషులు పళ్లు నూరారు. భయపెట్టి నోరు మూయించినారని వరదప్ప మనుషులు మండిపడ్డారు. ఈలోగా బెల్లం వాసనకు చీమలు వచ్చి రక్షిత్ మెడ ఎక్కాయి. పీనుగు కాబట్టి గోక్కోలేక అతను వణికితే, ప్రాణం పోతోందని ఎవరో చెంబెడు నీళ్లు కుమ్మరించారు. ఎరుపంతా కొట్టుకుపోయి కింద గాయమేమీ లేని చర్మం బయటపడింది. పసుపు ఎంత పని చేసిందో చూడండి అని లక్ష్మక్క అందరికీ చూపించింది.

వరదప్ప ఆ మాటేదీ వినలేదు. ఆయన ఆవేశం వేరే దారిలో ఉంది. ఆయన మొదట్నుంచీ అంతేనని చెప్పు లక్ష్మక్కా అన్నాడు.

"ఎట్లాంటోణ్ణి నేను?" అన్నాడు గోవిందప్ప, నేరుగా. ఇన్నేళ్ల తర్వాత అన్నతో ఆయన ఆడిన మొదటి మాట అది.

వరదప్ప టమాటా తీగకు ఊతంగా పాతిన కర్ర పెరికాడు. గోవిందప్ప పక్క కర్ర పెరికాడు. పుట్టి బుద్ధెరిగాక ఎవరి మీదా చేయి చేసుకోని మనుషులిద్దరూ కర్రలెత్తారు.

నళిని గోనెసంచి సందులోంచి ఫోను తెర వైపు చూసింది. వెనక ఎండ, ముందు ఎత్తిన రెండు కర్రలు, మధ్యలో తండ్రి ముఖం. ఎందుకు కొట్టుకుంటున్నారో అక్కడున్న ఏ ఒక్కరికీ తెలియదు. ఇన్ని ఫిల్ముల్లో తను వెతుక్కున్న సీను అచ్చంగా ఇదే. అది కంటి ముందుకు వచ్చేసరికి ఇది కళ కాదు, వీళ్లిద్దరూ తన వాళ్లు, దెబ్బ తగిలితే తల పగులుతుంది అన్న భయం ఒక్కసారిగా ముంచుకొచ్చింది. బాక్సుల వెనక నుంచి లేచి, ఉన్న ఊపిరంతా కూడదీసుకుని "కట్" అని అరిచింది.

ప్రజ్వల్ వెంటనే కత్తి దించి, ఓకేనా నళినీ అని అడిగాడు. పీనుగు లేచి కూర్చుని ఆదరాబాదరాగా మెడ గోక్కుంది. జనం బెదిరి వెనక్కి జరిగారు. కట్ అంటే ఏమిటో తెలియకపోయినా, ఆ అరుపు ధాటికి అన్నదమ్ముల కర్రలు గాలిలోనే ఆగిపోయాయి. నళిని పరుగెత్తుకొచ్చి ఇద్దరి మధ్య నిలబడింది. ఏడుస్తోంది. ఇన్నాళ్లూ ఎవర్నీ అడగనివ్వని మాట ఆమె నోటి నుంచే వచ్చింది.

"ఏంటికి పెద్దనాయనా? మా నాయనని ఏంటికి కొట్టేది నువ్వు?"

మీ నాయన్నే అడుగమ్మా అన్నాడు వరదప్ప. తనకేం తెలుసునన్నాడు గోవిందప్ప. అన్న మాట్లాడడం మానేశాడు, కాబట్టి తానూ మానేశాడు. అంతే తప్ప మూలం తనకూ తెలియదు. అట్లయితే మొదట మానింది నువ్వే కదా, ఏంటికి మానినావో చెప్పు అని లక్ష్మక్క వరదప్పను పట్టుకుంది. ఇంతమంది ముందు ఆ మాట చెప్పడానికి ఆయనకు సిగ్గుగా ఉంది.

"వాడి మేక గట్టు దాటొచ్చి నా కొత్తిమీర మడంతా మేసి, మళ్లా వాడి తోటలోకే దూకింది. తమ్ముడు గదా, వాడే వచ్చి ఒక మాట అంటాడని చూసినాను. రాలేదు" అన్నాడు చివరికి.

గోవిందప్ప చేతిలోని కర్ర మెల్లగా కిందికి దిగింది.

"నేనెప్పుడు మేకని సాకినానన్నా?"

నిజమే. మేక వాసన గిట్టని పుట్టమ్మ కాపురానికి వచ్చినప్పట్నుంచీ ఆ ఇంట్లో మేక అన్నది లేదు. మరి గోవిందప్ప తోటలోంచి అవతలికి పోయే మేక ఇంకెవరిది? ఒక్కొక్కరి చూపే గట్టు పక్కన ఉన్న గడ్డిమోపు మీదికి, అక్కణ్ణుంచి దాన్ని మోసుకొచ్చిన మనిషి మీదికి పోయింది. ఊళ్లో అందరినీ ప్రశ్నలడిగే లక్ష్మక్కకు జీవితంలో మొదటిసారి అడగడానికి ఏమీ మిగల్లేదు.

"మేకకి గట్టు యాడుందో ఏం తెలుసప్పా" అని గొణిగింది.

మొదట నవ్వింది గోవిందప్పే. తర్వాత వరదప్ప నవ్వాడు. ఇద్దరూ గట్టు మీద కూలబడి, ఒకరి భుజం ఒకరు పట్టుకుని, కళ్లల్లో నీళ్లు వచ్చేదాకా నవ్వారు. ఆ నీళ్లలో అన్నీ నవ్వువి కావని నళినికి తెలుస్తూనే ఉంది. కాసేపటికి గోవిందప్ప కళ్లు తుడుచుకుని, తొక్కుడు పడ్డ టమాటా సాళ్ల వైపు, ఆపైన కూతురి వైపు చూశాడు. నళిని తల దించుకుంది. బ్యాంకు కోచింగులో ఏ పుస్తకాలు కొనాలో కూడా ఆలోచించడం మొదలుపెట్టింది. పిల్లనేమన్నా అన్నావంటే మళ్లీ మాట్లాడేది మానేస్తానని వరదప్ప తమ్ముణ్ణి బెదిరించాడు.

గోనెసంచి కింద ఫోను ఇంకా రికార్డు చేస్తూనే ఉందని నళినికి అప్పుడు గుర్తొచ్చింది.

ఆ మధ్యాహ్నం నళిని ఫిల్మంతా ముందు వేసుకుని కూర్చుంది. తను కలలుగన్న హత్య చూస్తే ఆవులింత వచ్చింది. మిగతాది చూస్తే ఊపిరి ఆగింది. పాత సీన్లన్నీ తీసి పారేసి, హత్యను మొదట్లో కాసింత ఉంచి, లక్ష్మక్క గడ్డిమోపు దించిన దగ్గర్నుంచి మేక దాకా ఉన్నదున్నట్టు పెట్టింది. అందరినీ అడిగి ఒప్పుకోలు తీసుకుంది. వరదప్ప తన మీసం బాగా పడిందో లేదో చూసుకుని సరేనన్నాడు. ఫిల్ముకు "ఏంటికి?" అని పేరు పెట్టి, గడువు ముగియకముందే పంపేసింది.

పోటీ రోజున పుట్టమ్మ తప్ప రెండు కుటుంబాలూ, కుర్రాళ్లిద్దరూ, లక్ష్మక్కా ఒకే టెంపోలో కృష్ణగిరికి పోయాయి. ఆ పూట తెర మీద పొద్దున్నుంచీ కత్తులు ఆడుతున్నాయి, మనుషులు కూలుతున్నారు, హాలులో జనం వేరుశనగలు తింటున్నారు. నళిని ఫిల్ము మొదలైంది. సుమ్మనే అన్న మాటకు ఒక నవ్వు, పసుపు వాసనకు ఇంకో నవ్వు. కర్రలు లేచిన చోట మాత్రం హాలంతా బిగుసుకుపోయింది, వేరుశనగల చప్పుడు ఆగింది. మేక సంగతి తేలేసరికి జనం బెంచీలు చరుస్తూ లేచి నిలబడ్డారు. లక్ష్మక్క కూడా లేచి నాలుగు వైపులా నమస్కారాలు పెట్టింది.

కిందటేటి బట్టతల పెద్దమనిషే ఈసారీ న్యాయనిర్ణేత. మొదటి బహుమతి నళిని చేతికిస్తూ, పొద్దున్నుంచీ ఇంతమంది చచ్చినా తనకు చీమ కుట్టినట్టు కూడా లేదనీ, ఇద్దరు రైతులు కర్రలెత్తితే మాత్రం కుర్చీ గట్టిగా పట్టుకున్నాననీ చెప్పాడు. ఈ ఫిల్ములో ఒక్కరూ చావలేదేమమ్మా అని నవ్వుతూ అడిగాడు.

"కారణం అడిగినాం సార్" అంది నళిని.

ఆ చప్పట్లలో అందరికంటే ఎక్కువసేపు కొట్టింది గోవిందప్ప. తిరుగు దారిలో బ్యాంకు కోచింగు సంగతి ఎవరూ ఎత్తలేదు. అలాంటి మాట తానెప్పుడూ అననట్టు ఆయన నటించాడు, నటన బాగానే కుదిరింది. పైగా వచ్చే ఫిల్ముకు టమాటా మండీలో ఒక మంచి కథ ఉందని టెంపో అద్దంలోంచి చూస్తూ కూతురికి చెప్పుకుంటూ వచ్చాడు.

ఇంటి గేటు దగ్గర పుట్టమ్మ పళ్లెంలో ఎర్రనీళ్లతో ఎదురుచూస్తోంది. ఈసారి బెల్లం వేయలేదు. హంతకుణ్ణీ, పీనుగునూ, అన్నదమ్ములనూ, మధ్యలో బహుమతి పట్టుకున్న నళినినీ వరుసగా నిలబెట్టింది. ముందుకు తోసుకొచ్చి నిలబడిన లక్ష్మక్కనూ కలిపి, అందరికీ తీరిగ్గా దిష్టి తీసింది. ఊరంతా ఆ గేటు దగ్గరే ఉంది. వరదప్ప కొత్తిమీర మళ్ల దగ్గర మాత్రం అప్పుడు మేక తప్ప ఎవరూ లేరు.